బాలింత దాహం

నా మొదటి కాన్పు పెడనలో, అమ్మమ్మ ఇంట్లో జరిగింది. యాభైల చివర్లో, రోహిణి కార్తె ఎండల్లో. నాకప్పుడు పంతొమ్మిదేళ్ళు. ఆడపిల్ల పుట్టింది. పిల్ల బాగుంది, నేనూ బాగానే ఉన్నాను, దాహం ఒక్కటే తట్టుకోలేకపోయాను. ఈ వయసుకి ఎన్నో మర్చిపోయాను. పెళ్ళినాడు కట్టుకున్న చీర ఏ రంగో అడిగినా తడుముకుంటాను. ఆ దాహం మాత్రం ఇప్పటికీ నాలుక మీద ఉంది.

బాలింతకు నీళ్ళు ఇవ్వకూడదని మా వైపు ఆచారం. ఇస్తే ఒళ్ళు నీరుపడుతుందనీ, పొట్ట జారిపోతుందనీ, పాలు తాగే పిల్లకు జలుబు చేస్తుందనీ అనేవారు. పాతబియ్యం అన్నం, వెల్లుల్లి కారం, నెయ్యి. అన్నం తిన్నాక ఉగ్గుగిన్నెతో ఒకే ఒక్క గిన్నెడు వేణ్ణీళ్ళు. పసిపిల్లలకు ఉగ్గు పట్టే గిన్నె అది. అందులో ఎన్ని గుక్కలు పడతాయో లెక్క మీరే వేసుకోండి. తలకు గుడ్డ కట్టి, చెవుల్లో దూది కూరి, నడుముకు పాతచీర బిగించి, మంచం కింద కుంపటి పెట్టి నన్ను కూర్చోబెట్టారు. బయట ఎండకు కాకులు కూడా అరవడం మానేశాయి.

పైగా మా ఇల్లు నీళ్ళ మీద బతికే ఇల్లు. మావయ్యది అద్దకం పని. దొడ్డి నిండా నీళ్ళే. గుడ్డల్ని కరక్కాయ రసంలో ముంచడానికి ఒక తొట్టి, అచ్చు వేసేముందు కలుపుకునే పటిక నీళ్ళ కుండలు, ఎరుపు ఉడికే పెద్ద రాగి కాగు, అద్దిన గుడ్డలు జాడించడానికి దొడ్డి వెనకే కాలవ. పటిక పాళ్ళు కలపడంలో మా అమ్మమ్మ చేతికి ఊళ్ళో తిరుగులేదు. "గుడ్డకి నీళ్ళు సరిగ్గా పట్టించండ్రా, రంగు ఊరికే వస్తుందా!" అని పనివాళ్ళ మీద కేకలేసేది. అలా కేకలేసిన మనిషే లోపలికొచ్చి నాకు ఉగ్గుగిన్నె అందించేది. గుడ్డగా పుట్టినా ఈపాటికి కడుపునిండా నీళ్ళు దొరికేవని నాకు ఏడుపొచ్చేది.

నేను ఎదురు తిరగకపోలేదు. నా నోరు చిన్నదేమీ కాదు. కానీ అమ్మమ్మ దగ్గర ఒక మాట ఉండేది.

"మీ అమ్మ నీళ్ళు తాగే పోయిందే. నిన్ను కూడా పోగొట్టుకోమంటావా?"

ఆ మాటతో నా నోరు పడిపోయేది. మా అమ్మ నన్ను కన్న తొమ్మిదో రోజున, ఆ ఇంట్లోనే, జ్వరంతో పోయింది. నాన్న వేరే పెళ్ళి చేసుకుని వెళ్ళిపోయాడు. నన్ను పెంచింది, చదివించింది, గుడివాడ సంబంధం చూసి పెళ్ళి చేసింది అమ్మమ్మే. మా అమ్మ పోయిన తర్వాత ఆవిడ గట్టిగా నవ్వడం ఎవరూ వినలేదట.

అయినా పదో రోజున దొంగతనం చేశాను. అమ్మమ్మ దొడ్లో పటిక కలుపుతోంది. గోడ పట్టుకుని వంటింట్లోకి వెళ్ళి, మంచినీళ్ళ కుండలో చెంబు ముంచి, గటగటా తాగేశాను. రెండో చెంబు సగం తాగాక భయమేసి ఆగిపోయాను. అంత రుచైన వస్తువు మళ్ళీ నా జన్మలో తగల్లేదు.

పన్నెండో రోజున చలిజ్వరం వచ్చింది. రోహిణి ఎండల్లో రెండు బొంతలు కప్పినా పళ్ళు టకటకా కొట్టుకున్నాయి. కుడివైపు, పక్కటెముకల కింద, వెనకనించి ఎవరో పిడికిలితో నొక్కి పట్టినట్టు నొప్పి. మూత్రానికి వెళితే మంట. నాకు వెంటనే ఆ చెంబుడు నీళ్ళే గుర్తొచ్చాయి. నేనే నా చావు కొనితెచ్చుకున్నాననుకున్నాను. ఏడుస్తూ అమ్మమ్మకు చెప్పేశాను.

తిడుతుందనుకున్నాను. తిట్టలేదు. మంచం పక్కన నేల మీద కూలబడి, "నీకూ అదే పట్టింది" అంది. ఆ చూపు చూసి నాకు చలి ఇంకా ఎక్కువైంది. పక్కన పిల్ల నిద్రపోతోంది. దీన్ని కూడా అమ్మమ్మే పెంచాలి కాబోలు, ఆవిడకు అంత ఓపిక ఉందా అని లెక్కలేసుకున్నాను. చచ్చిపోతానన్న భయం కన్నా ఆ ఆలోచనే నన్ను ఎక్కువ పీడించింది.

అమ్మమ్మ కషాయం పెడతానంది. మావయ్య మొదటిసారి తల్లి మాట కాదన్నాడు. "చెల్లెలప్పుడు కషాయాలే పోశాం కదమ్మా. చాలు. బందరు తీసుకెళ్తున్నాను" అని జట్కా పిలిచాడు. చెవుల్లో దూదితో, తలగుడ్డతో, ఒళ్ళో పిల్లతో, పక్కన అమ్మమ్మతో బందరు వెళ్ళాను.

అక్కడ ఆడవాళ్ళ ఆసుపత్రిలో ఒక డాక్టరమ్మ ఉండేది. దివిసీమ పల్లెటూరు నుంచి వచ్చిన క్రైస్తవుల అమ్మాయి. మద్రాసులో చదువుకుంది. ముప్పయి దాటి ఉంటాయి. నన్ను బోర్లా తిప్పి, నడుముకు పైన పిడికిలితో చిన్నగా తట్టింది. నేను పెట్టిన కేకకు పక్కగదిలో ఎవరి పిల్లో లేచి ఏడ్చింది. తర్వాత నా మూత్రం గాజు గొట్టంలో పోసి, స్పిరిట్ దీపం మీద కాచింది. పైభాగం గంజిలా తెల్లబడింది. భూతద్దాల యంత్రంలోనూ చూసింది.

"మూత్రపిండానికి చీము పట్టిందండీ" అని మావయ్యతో చెప్పింది. "కాన్పయ్యాక కొందరికి వస్తుంది. మందులున్నాయి, తగ్గుతుంది. ఈ సల్ఫా మాత్రలు ఆరు గంటలకోసారి వెయ్యండి. ఈ తెల్లమందు పొడి కూడా, నీళ్ళలో కలిపి. అన్నిటికన్నా ముఖ్యం, నీళ్ళు బాగా తాగించండి. రోజుకో బిందె ఖాళీ అవ్వాలి."

"అలాగేనమ్మా" అంది అమ్మమ్మ.

మా అమ్మమ్మ డాక్టర్ల ముందు దేనికీ కాదనదు. ఇంటికొచ్చాక దేనికీ ఔననదు. జట్కా ఎక్కగానే, "పాపం, పెళ్ళయిందో లేదో, పురుళ్ళ సంగతి ఆవిడకేం తెలుసు" అని నిట్టూర్చింది. నీళ్ళ దొంగను నేను. మళ్ళీ నీళ్ళడిగే ముఖం నాకెక్కడిది?

మాత్రలు మాత్రం ఒక్క పూట తప్పలేదు. మావయ్య జేబుగడియారం మేకుకు తగిలించి, సరిగ్గా వేళకు అమ్మమ్మే వేసేది. బొత్తామంత మాత్రలు. ఉగ్గుగిన్నెడు వేణ్ణీళ్ళతో మింగించేది. గొంతులో అడ్డంపడి దగ్గొచ్చినా రెండో గిన్నె లేదు. తెల్లమందు ఒట్టిదే నాకించింది. రెండో రోజుకు జ్వరం దిగింది. అమ్మమ్మ ముఖం వెలిగిపోయింది. "చూశావా? మందు పనిచేసింది. నీళ్ళతో ఏం పని?" అంది. నేనూ నమ్మాను.

మూడో రోజున నొప్పి మళ్ళీ వచ్చింది. ఈసారి పిడికిలి కాదు, కత్తి. రెండు వైపులా. మూత్రం పొద్దున నాలుగు చుక్కలు వచ్చింది, ఎర్రగా, మా దొడ్లో కాగు కడిగిన నీళ్ళలా. సాయంత్రానికి అదీ లేదు. ఇంగ్లీషు మందు వేడి చేసిందని అమ్మమ్మ మాత్రలు ఆపేసింది. నాలుగో రోజు పొద్దుటినుంచీ వాంతులు. పాలు తగ్గిపోయాయి. పిల్ల చప్పరించి, ఏమీ రాక, ముఖం ఎర్రబడేలా ఏడ్చి, మళ్ళీ చప్పరించేది. దాని గొంతు బొంగురుపోవడం విని నాకు మతిపోయింది. నేను చస్తే చచ్చాను, దీనికి పాలెవరిస్తారు అని గట్టిగా అరిచాను. దొడ్లో పనాపేసి మావయ్య మళ్ళీ జట్కా కోసం పరిగెత్తాడు.

డాక్టరమ్మ నన్ను చూడగానే ముఖం ముడుచుకుంది. నా చేతి మీద చర్మం రెండు వేళ్ళతో పట్టి లాగి వదిలింది. అది వెనక్కి పోకుండా అలాగే నిలబడింది.

"నీళ్ళు ఎంత తాగుతోంది మామ్మగారూ?"

"తాగుతూనే ఉందండీ" అంది అమ్మమ్మ.

డాక్టరమ్మ నా వైపు తిరిగింది. అమ్మమ్మను పరాయివాళ్ళ ముందు ఒక్క మాట కూడా ఎదిరించి ఎరగను. నా పెదాలు ఎండి ఒకదానికొకటి అంటుకుపోయి ఉన్నాయి. వాటిని విడదీసుకుని, "అబద్ధం. ఉగ్గుగిన్నెతో ఇస్తోంది" అన్నాను. అమ్మమ్మ తల దించుకుంది.

కోప్పడుతుందనుకున్నాను. డాక్టరమ్మ నేరుగా పనిలోకి దిగింది. ఎలాగో నాలుగు చుక్కల మూత్రం సంపాదించి, గాజు పలక మీద వేసి, యంత్రంలో పెట్టి చూసింది. చూసి, పక్కకు జరిగి, "మామ్మగారూ, ఇలా రండి. మీరొకసారి చూడండి" అని పిలిచింది.

"నాకేం తెలుస్తుందమ్మా?"

"చూస్తే మీకే తెలుస్తుంది. ఒక కన్ను మూసుకోండి."

గుడ్డ మీద అచ్చు వెంట్రుకవాసి పక్కకు పోయినా పట్టేసే కళ్ళు మా అమ్మమ్మవి. వంగి, ఒక కన్ను మూసి, చాలాసేపు చూసింది. తలెత్తినప్పుడు ముఖంలో రక్తం లేదు.

"ఇది పటిక కదమ్మా! పటిక ముక్కలు. దాని ఒంట్లోకి పటికెలా వచ్చింది?"

"పటిక కాదండీ. నేనిచ్చిన మాత్రే. ఒంట్లో నీళ్ళు చాలక అలా గట్టిపడి ముక్కలు కట్టింది. అవి మూత్రపిండాల్లో గుచ్చుకుని దారి మూసేస్తున్నాయి. అందుకే రక్తం, అందుకే మూత్రం రావట్లేదు."

అమ్మమ్మ తనలో తను మాట్లాడుకున్నట్టు అంది. "ఎండాకాలం పటిక కుండ మూత మర్చిపోతే ఇంతే. నీళ్ళింకిపోయి కుండ గోడలకి ముక్కలు కట్టేస్తుంది. అద్దకానికి పనికిరాదు."

"అప్పుడేం చేస్తారు?"

"చేసేదేముంది, నీళ్ళు పోసి నానబెడతాం. కరిగిపోతుంది."

"మనమూ అదే చేద్దాం" అంది డాక్టరమ్మ. తర్వాత అమ్మమ్మ చెయ్యి పట్టుకుని బల్ల మీద కూర్చోబెట్టింది. "తప్పు నాది కూడా అండీ. బాలింతకి నీళ్ళివ్వరని నాకు తెలీదా? మా దివిసీమలో బావి నీళ్ళు ఉప్పు. మా అమ్మ ఎంతో దూరం నడిచి మంచినీళ్ళు తెచ్చేది. తెచ్చిన బిందె ఎదురుగా ఉన్నా బాలింతకి ఇచ్చేవాళ్ళు కాదు. అంతా తెలిసి, మీరు అలాగే అనగానే సరిపెట్టేసుకున్నాను. నీళ్ళెందుకో అప్పుడే చెప్పి ఉండాల్సింది."

ఒక డాక్టరు తప్పు నాదంటే మా అమ్మమ్మ వినడం అదే మొదలు. నేనూ అంతే.

ఆ తర్వాత మావయ్యను పిలిచి ఏం చెయ్యబోతోందో చెప్పింది. నా మంచం పక్కనే నిలబడి చెప్పింది కనుక నేనూ విన్నాను. సల్ఫా ఇక వెయ్యదు. పెన్సిలిన్ గొప్ప మందే కానీ ఈ రకం సూక్ష్మజీవి దానికి లొంగదు. క్లోరాంఫెనికాల్ లొంగదీస్తుంది కానీ పాలలోకి దిగుతుంది, పసిపిల్లకు మంచిది కాదు. మద్రాసులో ఈ జబ్బు కోసమే కొత్తగా ఒక పసుపుపచ్చ మాత్ర వచ్చిందట, వేరే దారి లేకపోతే తెప్పిస్తుంది. తన మనసులో ఉన్నది స్ట్రెప్టోమైసిన్, క్షయరోగులకు పొడిచే ఇంజక్షనే. ఆ తెల్లమందుతో కలిపి ఇస్తే మూత్రపిండాల్లో బాగా పనిచేస్తుంది. పాలు మానిపించక్కర్లేదు. కానీ మోతాదు ఒంట్లో నిలిచిపోతే చెవుడు రావచ్చు. "అందుకని ముందు మూత్రం సాఫీగా రావాలి. వచ్చాకే సూది. రాకపోతే మాత్రం" అని ఆగి, నన్ను చూసి, "వస్తుందిలే" అంది.

మా అమ్మకు ఇందులో ఒక్క మందూ లేదు. ఆవిడ పోయిన పంతొమ్మిదేళ్ళకే నా మంచం పక్కన నిలబడి ఏది మంచిదా అని ఎంచుకుంటున్నారు. ఆ మాట నాకు అప్పుడే తట్టింది. ఒళ్ళంతా నొప్పిగా ఉన్నా లోపల ఏదో ధైర్యం వచ్చింది.

వాంతులు ఆగేదాకా చేతికి సూది గుచ్చి సీసాలోంచి సెలైను ఎక్కించారు. మధ్యాహ్నం పన్నెండుకు డాక్టరమ్మ ఒక గ్లాసు అమ్మమ్మ చేతికిచ్చి, "ఇక మీ పనే. కొంచెం కొంచెంగా, ఆపకుండా" అంది.

అమ్మమ్మ గ్లాసు నింపి నా పెదాలకు ఆనించింది. సగం నీళ్ళు నా గడ్డం మీదుగా కారిపోయాయి. పంతొమ్మిదేళ్ళుగా విషమనుకున్నదాన్ని స్వయంగా తాగించాలి మరి. ఒక గ్లాసు, కాసేపాగి ఇంకో గ్లాసు. మూడోదో నాలుగోదో పడుతుండగా తనంతట తనే చెప్పింది.

"మీ అమ్మ కూడా అడిగింది. తొమ్మిది రోజులూ అడిగింది. 'ఒక్క గుక్కెడు పొయ్యవే అమ్మా' అని కాళ్ళు పట్టుకుంది. నేను ఇవ్వలేదు. జ్వరం ముదిరి సంధి మాటలు మొదలయ్యాక, నేను గుమ్మం దాటి వెళ్ళినప్పుడు మీ పెద్దమ్మ ఇచ్చింది. చెంబుడు. మర్నాడు పోయింది."

మా అమ్మకు ఒక అక్క ఉందనీ, పక్కనే ఉన్న గూడూరులో ఇచ్చారనీ నాకు తెలుసు. రాకపోకలు లేవనీ తెలుసు. ఎందుకని అడిగితే ఇంట్లో ఎవరూ చెప్పేవారు కాదు.

"చెల్లెల్ని చంపావన్నాను. నా గుమ్మం తొక్కొద్దన్నాను. మళ్ళీ దాని ముఖం చూళ్ళేదు."

అని, కళ్ళు తుడుచుకోకుండానే మళ్ళీ గ్లాసు నింపింది. నాకు ఆవిడ మీద కోపం రావాలి. వచ్చింది కూడా. కానీ నీళ్ళు తాగుతూ కోప్పడటం కుదరలేదు. తాగుతూనే ఏడ్చాను.

ఒంటిగంటకు రాలేదు. రెండింటికీ రాలేదు. డాక్టరమ్మ రెండుసార్లు వచ్చి, పొత్తికడుపు నొక్కి చూసి వెళ్ళింది. మావయ్య వరండాలో అటూ ఇటూ తిరుగుతున్నాడు. మూడు దాటాక వచ్చింది. మొదట కాసిని, ఎర్రగా, ప్రాణం పోయేంత నొప్పితో. అరగంటకు మళ్ళీ. తర్వాత ఇంకా ఎక్కువ, ఎరుపు విరిగి. అమ్మమ్మ ఆ పాత్రను రెండు చేతులా పట్టుకుని, హారతి పళ్ళెం తెచ్చినట్టు వరండాలోంచి డాక్టరమ్మ గదికి నడిచింది. దారిలో వాళ్ళు పక్కకు తప్పుకున్నారట. మావయ్య చాలా ఏళ్ళు ఆ నడకను అనుకరించి చూపించేవాడు.

ఆ సాయంత్రమే మొదటి ఇంజక్షన్ పొడిచారు. వారం రోజులు, రోజుకు రెండు. కూర్చోవడానికి చోటు మిగల్లేదు. రోజూ పొద్దున డాక్టరమ్మ నా వెనకవైపు, తలుపు దగ్గర నిలబడి, చాలా మెల్లగా, "పాప పాలు తాగిందా?" అని అడిగేది. నేను జవాబు చెప్పాలి. చెవులు బాగున్నాయని అలా తెలుసుకునేది. మూడో రోజున నేను పలకలేదు. ఆవిడ గాభరాగా పరిగెత్తుకొచ్చి చూస్తే నా చెవుల్లో దూది ఉంది. చలిగాలి తగుల్తుందని అమ్మమ్మ పొద్దున్నే కూరింది. డాక్టరమ్మ మొదటిసారి గట్టిగా అరిచింది. ఆ అరుపు దూదిలోంచి కూడా వినపడింది. తర్వాత ముగ్గురం నవ్వాం. అమ్మమ్మ నోరు మూసుకోకుండా నవ్వింది. ఆవిడ పళ్ళు అంత బాగుంటాయని నాకప్పుడే తెలిసింది.

జ్వరం మూడో రోజున పోయింది. పాలు నాలుగో రోజున వచ్చాయి, జాకెట్టు తడిసిపోయేంతగా. పిల్ల తాగి తాగి, పాలు మూతి చివర కారుతుండగా నిద్రపోయింది. దాన్ని చూస్తూ నేనిక చావను అనుకున్నాను. గుడివాడనుంచి మా ఆయన వచ్చి, మంచం పక్కన కూర్చుని, ఏం మాట్లాడాలో తెలీక, కిటికీలోంచి కొబ్బరిచెట్లు లెక్కపెట్టి వెళ్ళాడు. మంచి మనిషి. లెక్క మాత్రం తప్పు చెప్పాడు.

ఇంటికి పంపేటప్పుడు డాక్టరమ్మ ఒక షరతు పెట్టింది. జ్వరం తగ్గిందని ఊరుకోవద్దు, ఈ జబ్బు లోపల నిప్పు మిగుల్చుకుని మళ్ళీ రాజుకుంటుంది, పదిహేను రోజులయ్యాక మూత్రం మళ్ళీ చూపించాలి. ఆ పదిహేను రోజులూ అమ్మమ్మ నన్ను బతకనివ్వలేదు. ఎక్కడ కూర్చున్నా చెంబు. "తాగవే, తాగు. మొహం మాడ్చకు." బాలింతకు నీళ్ళు పోస్తోందని చూడ్డానికి ఇరుగుపొరుగు ఆడవాళ్ళు వచ్చేవారు. వాళ్ళను దొడ్లోకి తీసుకెళ్ళి పటిక కుండ చూపించి మరీ చెప్పేది. యంత్రంలో తను చూసిన ముక్కలు రోజురోజుకూ పెద్దవయ్యాయి. ఆఖరికి కుంకుడుకాయంత అయ్యాయి.

పదిహేనో రోజున నేనూ అమ్మమ్మా పిల్లతో బస్సులో బందరు వెళ్ళాం. డాక్టరమ్మ గొట్టంలో మూత్రం పోసి, దీపం మీద కాచింది. అమ్మమ్మ ముందుకు వంగి చూస్తోంది. మరిగింది. తెల్లబడలేదు. మంచినీళ్ళలా, గొట్టం అవతల డాక్టరమ్మ వేళ్ళు కనిపించేంత తేటగా ఉండిపోయింది. యంత్రంలో కూడా చూసి, "చీము లేదు. నీ మూత్రపిండాలు బాగున్నాయమ్మా" అంది. నేను కూర్చున్నచోటే పిల్లను గట్టిగా హత్తుకున్నాను. అది ఏడ్చింది.

లేచి వచ్చేస్తుంటే అమ్మమ్మ కదల్లేదు. "డాక్టరమ్మా, ఒక మాట" అంది. మా అమ్మ సంగతి చెప్పింది. చలిజ్వరం, నడుం నొప్పి, మూత్రం ఎర్రగా రావడం, తొమ్మిది రోజులు, చెంబుడు నీళ్ళు, అన్నీ. చెప్పి, "అది ఆ నీళ్ళ వల్లే పోయిందామ్మా?" అని అడిగింది.

డాక్టరమ్మ చేతిలో గొట్టం పక్కన పెట్టింది. "ఆ రోజుల్లో ఇక్కడ ఈ మందులు లేవు మామ్మగారూ. మీరు నీళ్ళిచ్చి ఉంటే బతికేదా అంటే నేను చెప్పలేను. అబద్ధం చెప్పను. కానీ ఆ నీళ్ళ వల్ల మాత్రం పోలేదు. ఆ చెంబుడూ ఆవిడకి మంచే చేసి ఉంటుంది."

అమ్మమ్మ దణ్ణం పెట్టి బయటికొచ్చింది. బస్టాండులో పెడన బస్సు సిద్ధంగా ఉంది. అమ్మమ్మ దాన్ని దాటి వెళ్ళి, గూడూరు వెళ్ళేది ఏదని కండక్టర్ని అడిగింది. నేను పిల్లతో వెనకే నడిచాను.

గూడూరులో ఇల్లు వాకబు చేసుకుని వెళ్ళాం. పెంకుటిల్లు, ముందు సందులో మగ్గం చప్పుడు. వాకిట్లో ఒకావిడ మిరపకాయలు ఎండబోస్తోంది. నలభై దాటిన మనిషి. నేను అద్దంలో చూసుకునే ముక్కే ఆవిడకూ ఉంది. అమ్మమ్మను చూసి, చేతిలో చేట అలాగే పట్టుకుని నిలబడిపోయింది.

బస్సులో దారి పొడుగునా అమ్మమ్మ ఏవో మాటలు పేర్చుకోవడం, పెదాలు కదపడం నేను చూశాను. అవన్నీ ఏమయ్యాయో మరి. "దాహంగా ఉందే. కాసిని మంచినీళ్ళియ్యి" అంది.

పెద్దమ్మ లోపలికి వెళ్ళింది. చెంబుతో వచ్చింది. ఇవ్వబోయి ఆగింది.

"నా చేతి నీళ్ళు తాగుతావా అమ్మా?"

"నీ చేతి నీళ్ళకి ఎవరూ చావలేదే" అంది అమ్మమ్మ. "డాక్టరమ్మ చెప్పింది. నువ్వు చంపలేదు. తొమ్మిది రోజుల్లో దానికి మంచి చేసింది నువ్వొక్కదానివే. నేనే ఇవ్వలేదు. ఇవ్వకపోగా నిన్ను..."

పెద్దమ్మ చెంబు అరుగు మీద పెట్టేసి, ఆ అరుగు మీదే కూర్చుంది. అమ్మమ్మ కేసి కాకుండా నా కేసి, నా చేతిలో పిల్ల కేసి చూస్తూ అంది.

"నేనే చంపాననుకున్నానమ్మా ఇన్నాళ్ళూ. నాకు ముగ్గురు పుట్టారు. మూడు పురుళ్ళలోనూ చుక్క నీళ్ళు ముట్టలేదు. ఇస్తామన్నా తాగలేదు. దానికి జరిగింది నాకూ జరగాలని ఎదురుచూశాను."

మా అమ్మమ్మ అలా ఏడవడం నేను అంతకుముందూ చూళ్ళేదు, తర్వాతా చూళ్ళేదు. పెద్దమ్మ తల తన ఒళ్ళోకి లాక్కుని, జుట్టు నిమురుతూ, "నా తల్లీ, నా తల్లీ" అని ఒకటే మాట. నేనూ ఏడ్చాను. సందులో మగ్గం ఆగిపోయింది.

ఆ ఏడుపులకు లోపల్నించి పెద్దమ్మ పెద్దకూతురు వచ్చింది. తొలిచూలు, ఏడో నెల. అమ్మమ్మ ముఖం తుడుచుకుని, ఆ పిల్లను కిందనించి పైదాకా చూసింది.

"రోజుకి ఎన్ని చెంబులు తాగుతున్నావే?" అని అడిగింది.

ఆ పిల్ల బిత్తరపోయి తల్లి వైపు చూసింది. అమ్మమ్మ అరుగు మీది చెంబు తీసి దాని చేతికిచ్చింది. "తాగు. పురుడు నేను పోస్తాను. పెడనలోనే. బిందె నీ మంచం పక్కనే పెడతాను" అంది. ఆ పిల్ల నిలబడే చెంబంతా తాగింది. పెద్దమ్మ లేచి, తల్లికి వేరే చెంబుతో నీళ్ళు తేవడానికి లోపలికి వెళ్ళింది.